చచ్చాక సంచి చూసుకోండి

మొన్న ఆదివారం మా గేమింగ్ మిత్రుల కూడికలో జరిగిన ప్రసంగం ఇది. రాలేకపోయినవాళ్ళు అడిగారని రికార్డింగ్ విని టైప్ చేశాం. తడబాట్లు మాత్రమే తీసేశాం, మిగతాదంతా మాట్లాడింది మాట్లాడినట్టే ఉంది.

అందరికీ నమస్కారమండి. వెనకాల వినపడుతోందా? ఆ ఫ్యాను ఒక పాయింటు తగ్గించండి బాబూ, నా గొంతు కంటే దాని చప్పుడే ఎక్కువగా ఉంది. ఆఁ, చాలు.

ముందు ఒక ప్రశ్న అడుగుతాను. గేమ్‌లో చచ్చిపోయాక, ఆ క్షణంలో మీ సంచిలో ఏమేం మిగిలున్నాయో ఎప్పుడైనా చూసుకున్నారా? చెయ్యెత్తండి. ఒకరు... ఇద్దరు. అంతేనా? నేనూ చూసుకునేవాణ్ణి కాదులెండి. చచ్చామా, కంట్రోలర్ మంచం మీదకి విసిరామా, ఇంట్లోవాళ్ళ మీద చిరాకు పడ్డామా, అంతే. ఇవాళ నేను చెప్పబోయే గేమ్ నాకు నేర్పింది ఆ సంచి చూసుకోవడమే. ఆ గేమ్ పేరు షిరెన్. 'షిరెన్ ద వాండరర్'.

ఇది నా చేతికి ఎలా వచ్చిందంటే, మా బావ డాలస్‌లో ఉంటాడు. సెలవులకి వస్తూ పిల్లల కోసం ఒక నింటెండో డీఎస్, చేత్తో పట్టుకుని ఆడుకునే గేమ్ పెట్టె, తెచ్చాడు. దాంతోపాటు నాలుగు గేమ్ కార్డులు. మూడు అందరికీ తెలిసినవే, వాటిని పిల్లలు లాక్కుపోయారు. నాలుగోదాన్ని ఎవరూ ముట్టుకోలేదు, దాని అట్ట మీద గడ్డిటోపీ పెట్టుకున్న ఒక బాటసారి బొమ్మ. సరేలెమ్మని నేను మొదలుపెట్టా. రెండో ఫ్లోర్‌లో చచ్చిపోయా. పోతే పోయింది, సేవ్ చేసిన చోటి నుంచి వస్తుంది కదా అనుకున్నా. రాలేదు! ఊళ్ళో, మొట్టమొదట బయలుదేరిన చోటే నిలబడ్డాను, లెవెల్ ఒకటి, చేతిలో కత్తి లేదు, డాలు లేదు. నేనేం చేశానో తెలుసా? కార్డు పాడైందేమో అనుకుని బయటికి తీసి, ఉఫ్‌ఫని ఊది, మళ్ళీ పెట్టాను. నవ్వకండి, ఆ పని మీరూ చేసినవాళ్ళే.

కార్డు బాగానే ఉంది. ఆ గేమ్ తీరే అంత. మళ్ళీ లోపలికి వెళ్తే ఇంకో వింత, ఇందాక చూసిన దారులు లేవు. కుడివైపు ఉండాల్సిన గది లేదు, మెట్లు ఉన్నచోట గోడ ఉంది. అంటే చచ్చిన ప్రతిసారీ గుహని కొత్తగా కడుతోంది. మన వైకుంఠపాళిలో పెద్ద పాము నోట్లో పడితే కిందకొస్తాం, నిజమే, కానీ పాము అక్కడే ఉంటుందిగా, నిచ్చెన ఎక్కడుందో కళ్ళకి కనపడుతూనే ఉంటుందిగా. ఇక్కడ పాములూ నిచ్చెనలూ కూడా చోటు మారిపోతాయి. ఇంక గుర్తుపెట్టుకోవడానికి ఏం మిగిలినట్టు? ఈ ప్రశ్న కాసేపు అలా పక్కన పెట్టండి, మళ్ళీ వస్తా.

దీని పుట్టుక జపాన్‌లో కాదు. 1980లో అమెరికాలో, కాలిఫోర్నియాలో, మైకేల్ టాయ్, గ్లెన్ విక్‌మన్ అనే ఇద్దరు విద్యార్థులు 'రోగ్' అని ఒక గేమ్ రాశారు. తర్వాత కెన్ ఆర్నాల్డ్ వాళ్ళతో చేరాడు. బొమ్మల్లేవు, అన్నీ కీబోర్డు అక్షరాలే. మన హీరో ఎవరంటే ఈమెయిల్ అడ్రసులో వచ్చే 'ఎట్' గుర్తు. పెద్దక్షరాలు రాక్షసులు. వాళ్ళ తంటా అల్లా ఒకటే, తాము రాసిన గేమ్ తామే ఆడుకోవాలి, ఆడుతుంటే తమకీ ఆశ్చర్యం కలగాలి. కథ రాసినవాడికి ముగింపు ముందే తెలుసు, వాడికి ఇంక మజా ఏముంటుంది? అందుకని గుహ కట్టే పని కంప్యూటర్‌కే అప్పజెప్పారు. స్క్రీన్‌ని మూడు అడ్డం మూడు నిలువు, తొమ్మిది గళ్ళుగా కొయ్యడం, ఒక్కో గడిలో ఒక గది ఎక్కడో ఒకచోట, ఏదో ఒక సైజులో పెట్టడం, గదికీ గదికీ మధ్య సందులు గియ్యడం. అంతే. వినడానికి ఇంతే, కానీ నలభై ఏళ్ళు దాటినా జనం ఇంకా ఆ తొమ్మిది గళ్ళలోనే తిరుగుతున్నారు. రోగ్‌లాంటివి కాబట్టి ఈ జాతి గేమ్‌లకి 'రోగ్‌లైక్' అని పేరొచ్చింది.

ఇక జపాన్. కోయిచి నకమురా అని ఒకాయన. హైస్కూల్లో ఉండగానే గేమ్ రాసి ఎనిక్స్ కంపెనీ పోటీలో బహుమతి కొట్టినవాడు. 1984లో చున్‌సాఫ్ట్ అని సొంత కంపెనీ పెట్టాడు. 'డ్రాగన్ క్వెస్ట్' మొదటి అయిదు భాగాల ప్రోగ్రామింగ్ చేసింది ఆ కంపెనీయే. డ్రాగన్ క్వెస్ట్ అంటే జపాన్‌లో మామూలు సంగతి కాదు, ఇంటింటి పేరు. అయితే అది వేరేవాళ్ళ గేమ్, ఎనిక్స్‌ది. మనదీ అని ఒకటుండాలి కదా అని వెతుక్కుంటుంటే ఆఫీసులో ఒకరు 'రోగ్' ఆడి చూడమన్నారు. ఆడాడు. పట్టుకుంది. కానీ ఇంత కటికగా ఉన్నదాన్ని, అక్షరాలు అక్షరాలుగా ఉన్నదాన్ని, స్కూలు పిల్లాడి చేతికి ఎలా ఇస్తావు?

అక్కడే తెలివి. డ్రాగన్ క్వెస్ట్ నాలుగో భాగంలో టోర్నెకో అని ఒక వ్యాపారి ఉంటాడు, బొజ్జ, మీసం, మూపున మూట. వీరుడు కాదు, షాపు పెట్టుకోవాలని కలలుగనే సంసారి. డ్రాగన్ క్వెస్ట్ సృష్టికర్త యూజి హోరీని అడిగి ఆ వ్యాపారిని తెచ్చుకుని గుహలోకి పంపారు. 1993లో, సూపర్ ఫామికామ్ అనే నింటెండో గేమ్ పెట్టె మీద. ఎందుకు వ్యాపారి? వస్తువులు ఏరుకుని ఇంటికి తెచ్చి అమ్ముకునేవాడికి గుహలోకి పదేపదే వెళ్ళడం వింతగా అనిపించదు కాబట్టి. మనకి గేమ్ ఓవర్, ఆయనకి వ్యాపారంలో ఇంకో రోజు. తెచ్చిన సరుకు అమ్మితే షాపు కాస్త పెద్దదవుతుంది. ఈ సిరీస్‌కి 'ఫుషిగి నో డంజన్' అని పేరు, అంటే చిత్రమైన చెరసాల, మాయగుహ, ఏదైనా అనుకోండి. ప్రచారానికి వాళ్ళు వాడిన మాట 'వెయ్యిసార్లు ఆడగలిగే ఆర్‌పీజీ', ఆర్‌పీజీ అంటే ఒక పాత్రగా మారి ఆడే గేమ్. నాకైతే అది వాగ్దానంలా కాదు, బెదిరింపులా వినపడింది.

రెండేళ్ళకి, 1995 డిసెంబర్‌లో, అరువు పాత్ర అక్కర్లేకుండా సొంత హీరోతో వచ్చారు. అతనే షిరెన్. జపనీస్‌లో 'ఫూరాయ్ నో షిరెన్' అంటారు. ఫూరాయ్ అనే మాటలో మొదటి అక్షరం గాలి, రెండోది రావడం. గాలికి కొట్టుకొచ్చినవాడు. మన ఇళ్ళల్లో 'ఆ గాలి తిరుగుళ్ళేంట్రా' అని తిడతారే, సరిగ్గా ఆ గాలే! అతని వెంట కొప్పా అని మాట్లాడే ముంగిసలాంటి జంతువు ఒకటి ఉంటుంది. ఉడుం కాదు, ఉడుత కాదు, వీసెల్ అంటారు, చుట్టరికం లేకపోయినా చూపులకి మన ముంగిసలా ఉంటుందనుకుందాం. ఇద్దరూ కొబామి లోయ దాటి, టేబుల్ పర్వతం ఎక్కి, శిఖరం మీద ఉందని చెప్పుకునే బంగారు గండభేరుండాన్ని... కాదు కాదు, బంగారు కాండర్ పక్షిని చూడాలి. సంగీతం డ్రాగన్ క్వెస్ట్‌కి చేసిన కోయిచి సుగియామాదే. నేను డీఎస్ మీద ఆడింది ఈ గేమ్‌నే, కొత్తగా బొమ్మలేసి తెచ్చారు, ఇంగ్లీషులో 2008లో వచ్చింది.

అడుగుకీ అన్నానికీ లెక్క

సరే, ఆట ఎలా ఉంటుంది? ఇది చాలా ముఖ్యం, కాస్త వినండి. మీరు ఒక అడుగు వేస్తే రాక్షసులన్నీ ఒక అడుగు వేస్తాయి. మీరు కదలకపోతే ఏదీ కదలదు. ఫోన్ వచ్చిందా, మాట్లాడుకోండి. కాఫీ పెట్టుకు రండి. రేపు పొద్దున రండి. ఆ రాక్షసుడు కత్తి ఎత్తి అలాగే నిలబడి ఉంటాడు. వేళ్ళ చురుకుతో దీనికి పనే లేదు. మా నాన్నగారికి చూపిస్తే 'ఇది చదరంగం రా' అన్నారు. అవును, కాకపోతే ఎదుటివాడి పావులు ఎన్నున్నాయో తెలియని చదరంగం.

రెండో సంగతి, ఆకలి. కడుపు వందతో నిండి ఉంటుంది. పది అడుగులకి ఒకటి తగ్గుతుంది. అంటే నిండు కడుపుతో వెయ్యి అడుగులు. సున్నా అయిందా, అడుగడుగుకీ ప్రాణం తరుగుతుంది. తిండి ఏమిటంటే ఓనిగిరి, అన్నం ముద్ద. గుహలో అక్కడక్కడా దొరుకుతుంది, దొరక్కపోవచ్చు కూడా. మరి ఇందులో గొప్పేముంది? ఇదీ మెలిక. నడుస్తుంటే దెబ్బలు వాటంతటవే మానుతాయి. అంటే హెచ్‌పీ, ఒంట్లో మిగిలిన ప్రాణం లెక్క, తక్కువైతే అటూ ఇటూ నడిచి నింపుకోవచ్చు. నడిస్తే ఆకలి. కాబట్టి మీరు అన్నాన్ని రక్తంగా మార్చుకుంటున్నారు, ఎంత మార్చాలో లెక్క మీదే. పోనీ బోలెడు అన్నం ఉంది, ఒకే ఫ్లోర్‌లో కూర్చుని తిరుగుతా అంటారా? ఎక్కువసేపు ఉంటే గాలి వీస్తుంది. మళ్ళీ వీస్తుంది. అప్పటికీ కదలకపోతే ఎత్తి బయట పారేస్తుంది, యాత్ర సమాప్తం. గాలికొచ్చినవాణ్ణి గాలే గెంటేస్తుందన్నమాట.

మూడోది, చాలా వస్తువుల పేర్లు తెలియవు. ఎర్ర ఆకు, పచ్చ ఆకు, ఏదో కర్ర, ఏదో స్క్రోల్. ఏది మందో ఏది విషమో నమిలితేనే తెలుస్తుంది. ఇప్పుడు ఎర్ర ఆకు మందని తెలిసింది కదా, చచ్చాక మళ్ళీ వెళ్తే ఆ రంగులు కూడా తారుమారు! మరి అనుభవానికి విలువేముంది అంటారా? ఉంది. దారిలో కొట్లు తగులుతాయి. కొట్టువాడికి వస్తువు ఏమిటో తెలుసు, మనకి చెప్పడు, కానీ ధర చెప్తాడు కదా! పేరు మారుతుంది గానీ ధర మారదు. ఈ ఆకుకి ఇంత అడుగుతున్నాడంటే అది ఫలానా నాలుగింట్లో ఒకటి అయ్యుంటుంది అని ఆరితేరినవాళ్ళు ఊహించేస్తారు. మా అమ్మ రైతుబజార్లో ఇంతే, మామిడికాయ ముక్కు చూడదు, వాసన చూడదు, ధర అడిగి వాడి మొహం చూసి కాయ సంగతి చెప్పేస్తుంది.

కొట్టు అన్నాను కాబట్టి దొంగతనం కూడా చెప్పాలి, లేకపోతే వెనక కూర్చున్న మావాడు ఊరుకోడు. వస్తువు చేత్తో తీసుకోగానే కొట్టువాడు వచ్చి గుమ్మానికి అడ్డంగా నిలబడతాడు. డబ్బు ఇస్తే తప్పుకుంటాడు. ఇవ్వకుండా పోవాలంటే మార్గాలున్నాయి, గుణపంతో వెనక గోడ తవ్వి పోవచ్చు, నమలగానే ఇంకెక్కడో తేలేట్టు చేసే ఆకు ఒకటుంది, అది నమలొచ్చు. బయటపడ్డ మరుక్షణం దొంగా దొంగా అని కాపలా కుక్కలతో సహా వెంటపడతారు, ఆ కొట్టువాడు మామూలు బలవంతుడు కాదు, దొరికితే పచ్చడే. మెట్లు చేరితే మొత్తం సరుకు మీది. నేను పదిసార్లు చేశాను, రెండుసార్లు బతికాను. ఇది తప్పు కదా అని గేమ్ ఎక్కడా పాఠం చెప్పదు, అదొక్కటీ నాకు భలే నచ్చింది.

రాక్షసుల గురించి ఎక్కువ చెప్పను, ఒక్కదాని గురించి చెప్తా. అన్నం ముద్ద చేసే రాక్షసుడు ఒకడున్నాడు. కొడితే ప్రాణం పోదు, మీ సంచిలో ఒక వస్తువు ఓనిగిరిగా మారిపోతుంది. ఎంతో కష్టపడి దాచిన కుండ, అన్నం ముద్ద! మొదటిసారి నేను ఏడ్చినంత పనైంది. ఇంకోసారి ఆకలితో ప్రాణం పోయేలా ఉంటే అదే రాక్షసుణ్ణి వెతుక్కుంటూ వెళ్ళి, పనికిరాని కర్రలు సంచిలో పెట్టుకుని 'కొట్టు నాయనా' అని ఎదురు నిలబడ్డా. అదే రాక్షసుడు, అదే దెబ్బ. రాసిపెట్టిన కథ ఉన్న గేమ్‌లో ఇలాంటిది జరుగుతుందా? గుహని లెక్కల యంత్రమే కట్టింది గానీ ఆకలిని, రాక్షసుణ్ణి, పనికిరాని కర్రల్ని కలిపి కథ చేసింది నేను.

పద్నాలుగో ఫ్లోర్

ఇప్పుడు అసలు విషయానికొస్తా. డీఎస్ మీద ఎన్నో యాత్రో గుర్తులేదు, పద్నాలుగో ఫ్లోర్. ఇరుకు సందులో ఉన్నా. నా ముందు ఒక రాక్షసుడు, ఆనుకుని. వెనక ఇంకొకడు, ఆనుకుని. ముందున్నవాడి అవతల గది, గదిలో నాలుగడుగుల్లో మెట్లు, కనపడుతున్నాయి. నా హెచ్‌పీ తొమ్మిది. ఒక్కొక్కడి దెబ్బ ఆరు. సంచిలో ఏమున్నాయంటే రెండు అన్నం ముద్దలు, ఒక తెలియని కుండ, ఎదుటివాడితో మన చోటు మార్చే కర్ర ఒకటి. టర్న్ నాది. ఏం చేస్తారు? ... ఎవరో 'కుండ పగలగొట్టు' అంటున్నారు. ఏమండీ, ముద్ద తింటారా? ఇద్దరూ చెరో దెబ్బ వేస్తారు, పన్నెండు. అయిపోయింది. ఇంకెవరైనా?

నేను ముందున్నవాణ్ణి నరికాను. ఎందుకంటే అప్పటికి వాణ్ణి నాలుగు దెబ్బలు కొట్టేశాను, ఇంకొక్కటి వేస్తే పోతాడని నా నమ్మకం. పోలేదు. చచ్చాను. డీఎస్ మూసేసి అన్నం తినేసి పడుకున్నాను. నిద్ర పట్టట్లేదు. పదకొండున్నరకి, చీకట్లో, ఫ్యాను కేసి చూస్తుంటే తట్టింది. కర్ర! ముందున్నవాడి మీద కర్ర వాడితే వాడు నా చోటికి, నేను వాడి చోటికి. ఇప్పుడు ఇద్దరూ ఒకే వైపు, ఒకడి వెనక ఒకడు. సందు ఇరుకు కాబట్టి వెనకవాడి చెయ్యి నాకు అందదు. ఒక్కడే కొడతాడు, ఆరు పోయి మూడు మిగులుతుంది. నేను నడుస్తా, వాడూ అదే వేగంతో నా వెంట నడుస్తాడు, నడిచే టర్న్‌లో కొట్టలేడు. నాలుగడుగులు, మెట్లు. బతికేవాణ్ణి! మా ఆవిడ లేచి ఏమైందని అడిగింది. ఏం చెప్పను?

ఆ రోజు నుంచి చచ్చిన ప్రతిసారీ సంచిలో ఏం మిగిలిందో కాగితం మీద రాయడం మొదలుపెట్టా. పిచ్చి అనుకోండి, ఏదైనా అనుకోండి. ఓ ముప్ఫై చావులు రాశాక చదువుకుంటే సిగ్గేసింది. పాతిక పైన చావుల్లో నన్ను బతికించే వస్తువు నా సంచిలోనే ఉంది. ఉండి కూడా వాడలేదు. ఎందుకు? 'ఇంకా పెద్ద కష్టం వచ్చినప్పుడు వాడదాం.' మా అమ్మమ్మకి పండక్కి పెట్టిన చీరలన్నీ బీరువాలో కలరా ఉండలు వేసి దాచుకునేది, మంచి సందర్భం రావాలని. ఆవిడ పోయాక బీరువా తెరిస్తే పదకొండు కొత్త చీరలు, మడతల దగ్గర చిరుగు పట్టి ఉన్నాయి. నా సంచి అచ్చంగా ఆ బీరువా!

మామూలు గేమ్‌లు మనల్ని అలా తయారుచేశాయి. అక్కడ చివరి బాస్‌ని, అంటే ఆఖరి పెద్ద శత్రువుని, కొట్టేసరికి ప్రాణం నింపే మందు సీసాలు తొంభై మిగిలి ఉంటాయి, ఎవరూ అడగరు. ఇక్కడ చస్తే ఎలాగూ అన్నీ పోతాయి, మరి దాచడం దేనికి? ఊళ్ళల్లో గిడ్డంగులున్నాయి, అక్కడ పెట్టినవి తర్వాతి యాత్రకి మిగులుతాయి, అది వేరు. ఒంటి మీదున్నవి మాత్రం వాడితేనే మీవి. ఇందాక పక్కన పెట్టమన్న ప్రశ్న ఉంది కదా, అన్నీ మారిపోతే గుర్తుపెట్టుకోవడానికి ఏముంది అని? ఇదీ. షిరెన్‌కి లెవెల్ ఒకటే, ప్రతిసారీ. లెవెల్ పెరిగేది మనకి.

కొందరు దీన్ని ఉత్త అదృష్టం ఆట అంటారు. తయారుచేసినవాళ్ళకీ ఆ అనుమానం తెలుసనుకుంటా. అందుకే ఆ 1995 గేమ్‌లోనే 'ఫే ప్రశ్నలు' అని యాభై చిక్కుముళ్ళు పెట్టారు. వాటిలో ఏదీ యాదృచ్ఛికం కాదు, గది ఇంతే, రాక్షసులు వీళ్ళే, చేతిలో ఉన్న వస్తువులు ఇవే, మెట్లు చేరు చూద్దాం. నా పద్నాలుగో ఫ్లోర్ లాంటివే అన్నీ. అవి చేశాక నాకు అర్థమైంది, గుహలో ప్రతి ఇరుకూ ఎవరూ కావాలని రాయని ఒక ఫే ప్రశ్న. జవాబు ఉండకపోవచ్చు, అది ఒప్పుకుంటా. కొన్నిసార్లు అడుగు పెట్టగానే రాక్షసుల గది, సంగీతం మారిపోతుంది, పాతికమంది లేస్తారు, చేతిలో ఏమీ ఉండదు. అప్పుడు దణ్ణం పెట్టి పోవడమే. కానీ ఆ చావులు నా కాగితంలో నాలుగో అయిదో, అంతే.

ఇంకొకటి, మోసం చేద్దామని చూడకండి. చస్తున్నామని తెలిసి పవర్ ఆపేస్తే సూపర్ ఫామికామ్ రోజుల్లోనే ఓడినట్టు రాసుకునేది. 'చేతులు కాలాక ఆకులు పట్టుకోవడం' అనే సామెత ఉంది కదా, వీళ్ళు ఆకులు కూడా దొరకనివ్వరు.

ఈ కుటుంబం తర్వాత చాలా పెరిగింది, త్వరగా చెప్పేస్తా. 2005లో పోకెమాన్‌తో మిస్టరీ డంజన్ వచ్చింది, మీలో చాలామంది ఆడింది అదే, తల ఊపుతున్నారు. పిల్లల కోసం కాస్త మెత్తగా చేశారు. చున్‌సాఫ్ట్ 2012లో స్పైక్‌తో కలిసి స్పైక్ చున్‌సాఫ్ట్ అయింది. షిరెన్ అయిదో భాగం 2010లో వస్తే ఆరోది 2024లో వచ్చింది, జనవరిలో జపాన్‌లో, ఫిబ్రవరిలో మిగతా దేశాల్లో. పద్నాలుగేళ్ళు! మధ్యలో వచ్చిన హంగులు చాలావరకు తీసేసి మొదటి గేమ్ దారికే తిరిగొచ్చారు. నాకు అయిదోదాని కంటే ఇదే నచ్చింది, అయిదో భాగంలో రాత్రిపూట వేరే నియమాలు పెట్టారు, అది నాకు ఎప్పుడూ ఒంటబట్టలేదు. దాన్ని ప్రాణంగా చూసుకునేవాళ్ళూ ఉన్నారు, తర్వాత నాతో పోట్లాడండి.

ఇక ఆపేస్తా, టీ వచ్చేసినట్టుంది. నింటెండో స్విచ్ తెచ్చాను, ఆ బల్ల మీద ఉంది, ఆరో భాగం వేసి పెట్టాను. ఒకరు చచ్చేదాకా ఆడండి, చచ్చాక పక్కవాళ్ళకి ఇవ్వండి. పక్కన ఒక నోట్‌బుక్ కూడా పెట్టాను, పోయేటప్పుడు సంచిలో ఏముందో రాసి ఇవ్వండి, పేరు రాయక్కర్లేదు. ఛార్జర్ మాత్రం ఇంట్లో మర్చిపోయా, అరవై శాతం ఉంది, ఎవరూ ఆలోచిస్తూ గంట కూర్చోకండి.